శాశ్వతం అన్న గడి

"ఈ సంతకం ఎవరిది?"

"నాదే సార్."

"అయితే ఉత్తరం నీకు అందింది."

"సంతకం నాదే. పెట్టింది నేను కాదు."

ఇన్‌స్పెక్టర్ కళ్ళజోడు తీసి బల్లమీద పెట్టాడు. పోస్టల్ శాఖలో జుట్టు నెరిసేదాకా పనిచేశాడు. పోయిన పార్సిళ్ళు, చింపిన కవర్లు, దొంగ సంతకాలు లెక్కలేనన్ని చూశాడు. ఇలాంటి జవాబు వినడం మాత్రం ఇదే మొదలు.

ఎదురుగా కూర్చున్న మనిషికి ముప్పై దాటి ఉంటాయి. చూపుడువేలు చివర సూదిపోట్లు. వీధిలో అందరూ టైలరమ్మ అంటారు. మొహంలో నెత్తురు చుక్క లేదు. రెండు రోజులుగా గొంతులో ముద్ద దిగలేదని చూస్తేనే తెలుస్తోంది.

మాయమైంది ఒక రిజిస్టర్డ్ ఉత్తరం. కోర్టు నోటీసు.

ఆర్నెల్ల కిందట టైలరమ్మ మొగుణ్ణి వదిలేసి, కూతుర్ని వెంటబెట్టుకొని వేరే గదికి వచ్చేసింది. మొగుడు వ్యాన్ డ్రైవర్. బిడ్డ తనకే కావాలని కోర్టుకెక్కాడు. కోర్టు ఆమెకు నోటీసు పంపింది. సంతకంతో రసీదు కోర్టుకు తిరిగి చేరింది. వాయిదా రోజున మాత్రం ఆమె రాలేదు. నోటీసు అందుకొని కూడా రాని తల్లికి బిడ్డ మీద ఏం ఆశ ఉన్నట్టని జడ్జి బిడ్డను తండ్రికి ఇచ్చేశాడు.

మొన్న కోర్టు అమీనా తలుపు తట్టి ఉత్తర్వు చేతిలో పెట్టేదాకా తన మీద కేసున్నట్టే ఆమెకు తెలియదు.

రేపు ఉదయం పదిన్నరకు బిడ్డను కోర్టులో అప్పగించాలి.

"లాయరు ఏమన్నాడు?"

"ఉత్తరం నాకు అందలేదని పోస్టాఫీసు రాసిస్తే ఉత్తర్వు ఆగుతుందన్నాడు. అందిందని రాస్తే ఇక ఆ గడప ఎక్కొద్దన్నాడు."

"ఇల్లు మారినప్పుడు మాకు చెప్పావా?"

"మర్నాడే చెప్పాను."

ఆ దరఖాస్తు ఇన్‌స్పెక్టర్ ముందే ఉంది. పాత అడ్రస్, కొత్త అడ్రస్. కింద రెండు గళ్ళు. తాత్కాలికం, శాశ్వతం. శాశ్వతం అన్న గడిలో టిక్కు. కాగితం చిరిగేంత గట్టిగా పెట్టింది.

"తర్వాత ఉత్తరాలు కొత్త గదికి వచ్చాయా?"

"అన్నీ వచ్చాయి. దారాల కంపెనీ కేటలాగు కూడా వచ్చింది. ఇదొక్కటే రాలేదు."

"అందరూ ఇదే పాట పాడతారు," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "అక్కర్లేనివన్నీ వస్తాయట. అక్కరున్నదొక్కటే పోతుందట."

ఆఫీసులో వెనకాల అతన్ని వేపాకు అంటారు. ఊరికే అనరు.

టైలరమ్మ ఏడవలేదు. చేతులు ఒళ్ళో పెట్టుకొని అలాగే కూర్చుంది. "ఇంకొకరి సంతకమైతే దొంగదని కొట్లాడేదాన్ని సార్. నా సంతకంతో నేనెలా కొట్లాడను?"

బయట బెంచీమీద ఎనిమిదేళ్ళ పాప కాళ్ళూపుకుంటూ కూర్చుంది. తలుపు సందులోంచి వాళ్ళమ్మ వీపునే చూస్తోంది.

ఇన్‌స్పెక్టర్ రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టాడు. ఒకటి ఆమె దరఖాస్తు. రెండోది పోస్ట్‌మన్ ఉత్తరాలు ఇచ్చి సంతకాలు పెట్టించుకునే బట్వాడా షీట్. ఆమె పేరు రెండే అక్షరాలు. చివరి అక్షరానికి పొడుగాటి తోక. రెండింట్లోనూ అదే వంపు, అదే తోక. షీట్‌మీద సంతకం అక్కడక్కడ తెగింది. అంతే తేడా.

"పెన్ను సరిగా రాసి ఉండదు," అన్నాడు పోస్ట్‌మాస్టర్. లావుపాటి మనిషి. భోజనం వేళ దాటిపోతోందని గడియారం వంకే చూస్తున్నాడు. "సక్రమంగా బట్వాడా అయింది. మూడు ముక్కలు. రాసిపారేయండి సార్. పాపం పుణ్యం కోర్టు చూసుకుంటుంది."

పెన్ను సంగతి నిజమే అనుకున్నాడు ఇన్‌స్పెక్టర్. ఆ మాట అక్కడే వదిలేశాడు. ఆ రోజు అతను చేసిన తప్పు అదొక్కటే. కాని అదే పెద్దది.

"సాయంత్రం రాస్తాను," అన్నాడు.

"ఇంకేముంది సార్ చూడ్డానికి?"

"ఉత్తరం ఎవరు ఇచ్చారో చూడాలి."

* * *

ఆ వీధి పోస్ట్‌మన్ పేరు ఎవరికీ గుర్తులేదు. అందరూ కంప్యూటర్ అంటారు. ఏ ఇంట్లో ఎవరుంటారో, ఎవరు ఎక్కడికి మారారో తలలోనే ఉంటుంది. ఆ పేరంటే అతనికి భలే గర్వం.

"నా బీటులో ఉత్తరం దారితప్పదు సార్. టైలరమ్మ ఆ ఇల్లు వదిలిన దగ్గర్నుంచి ఒక్క కవరు కూడా పాత ఇంట్లో వెయ్యలేదు."

"ఈ నోటీసు?"

"ఆ రోజు నేను లీవు. పన్ను పీకించుకున్నా. బదులు మనిషి తిరిగాడు."

"ఆమె మారిందని బదులు మనిషికి ఎలా తెలుస్తుంది?"

జవాబు పోస్ట్‌మాస్టర్ చెప్పాడు. "పసుపుకార్డు ఉంటుంది కదా సార్. ఇల్లు మారినవాళ్ళ పాత ఇంటి అరలో కొత్త అడ్రస్ రాసి కార్డు పెడతాం. ఎవరు సార్ట్ చేసినా కార్డు కనబడగానే ఉత్తరం కొత్త ఇంటికి మళ్ళిస్తారు."

"ఉందా కార్డు?"

"ఉంటుంది," అన్నాడు కంప్యూటర్. కాస్త ఆలస్యంగా అన్నాడు.

బదులు మనిషిని పిలిపించారు. నలభై అయిదేళ్ళ బట్టతల. ఎప్పుడు ఎవరికి జ్వరం వస్తే వాళ్ళ వీధి తిరుగుతాడు. ఏ వీధీ అతనిది కాదు.

"ఈ ఉత్తరం ఎవరికిచ్చావు?"

"ఆడమనిషికి సార్. పేరు చదివి, ఈమె ఇక్కడేనా అన్నా. ఇక్కడే అంది. సంతకం పెట్టింది. ఇచ్చేశా."

"ఈమేనా?" టైలరమ్మను చూపించాడు.

అతను చూశాడు. తల గోక్కున్నాడు. "మొహం చూళ్ళేదు సార్."

"మొహం చూడకుండా రిజిస్టర్డ్ ఉత్తరం ఇచ్చావా?"

"ఆ రోజు రెండు బీట్లు తిరిగాను. గోడేమో నా తలకంటే ఎత్తు. గేటుకు తీగ చుట్టి ఉంది. షీటు, పెన్ను గోడమీంచి అందించా. సంతకం పెట్టి మళ్ళీ గోడమీంచే ఇచ్చింది. చెయ్యొక్కటే కనబడింది."

"ఏ వీధి? ఏ ఇల్లు?"

"అది గుర్తుంటే నన్ను కూడా కంప్యూటర్ అనేవాళ్ళు కదా సార్."

పోస్ట్‌మాస్టర్ నవ్వాడు. ఇన్‌స్పెక్టర్ నవ్వలేదు. టోపీ తీసుకొని బయల్దేరాడు.

* * *

టైలరమ్మ ముందు నడిచింది. పాప వెనకాల. ఎండ మాడ్చేస్తోంది. రెండు వీధులు దాటాక ఒక టైర్ల షాపు వచ్చింది. షాపు పక్కనే ఇనుప మెట్లు.

"ఎక్కడమ్మా మీ గది?"

"పైన. మూడో అంతస్తు."

ఇన్‌స్పెక్టర్ మొదటి మెట్టుమీద కాలు పెట్టాడు. అక్కడే ఆగిపోయాడు.

కింద టైర్లు. పైన గదులు. మధ్యలో మెట్లు. అక్కడ గోడ లేదు. గేటూ లేదు. తీగ అసలే లేదు.

"మీ పాత ఇంటికి గోడ ఉందా?"

"ఉంది సార్. ఎత్తు గోడ."

"గేటు?"

"ఆయన వ్యాన్ రివర్స్ చేస్తూ గుద్దేశాడు. అప్పట్నుంచి తీగ చుట్టి ఉంటుంది."

ఇన్‌స్పెక్టర్ మెట్టు దిగాడు. వచ్చిన దారినే పోస్టాఫీసుకు నడిచాడు. నేరుగా సార్టింగ్ గదిలోకి వెళ్ళి, ఆ వీధి అరల ముందు నిలబడి, పాత ఇంటి అరలో చెయ్యి పెట్టాడు.

అర ఖాళీ.

పక్క అర. అదీ ఖాళీ. ఆ వరసంతా చూశాడు. ఒక్క పసుపుకార్డు లేదు.

"కార్డులెక్కడ?"

కంప్యూటర్ తన పెట్టె తెరిచాడు. చెప్పులకింద రబ్బరుబ్యాండు వేసిన పసుపుకార్డుల కట్ట. దుమ్ము పట్టి ఉంది.

"అరలో కార్డులుంటే ఉత్తరాలకు చోటు చాలదు సార్. నాకు వాటితో పనేముంది? అన్నీ ఇక్కడే ఉన్నాయిగా." తల తట్టుకున్నాడు.

"పన్ను పీకించుకున్న రోజు ఆ తల ఎక్కడ పెట్టి వెళ్ళావు?"

కంప్యూటర్ కట్టకు పట్టిన దుమ్ము తుడవసాగాడు.

"నీ గొప్పకు ఒక బిడ్డ తల్లి లేనిదవుతోంది. పో. కార్డులన్నీ అరల్లో పెట్టు."

తీగ లాగితే సగం డొంక కదిలింది. ఉత్తరం పాత ఇంటికి వెళ్ళింది. మరి సంతకం? సంతకం టైలరమ్మదే. ఆ ఇంట్లో ఆమె లేదు.

* * *

గేటుకు తీగ అలాగే ఉంది. ఇన్‌స్పెక్టర్ తీగ విప్పుకొని లోపలికి వెళ్ళాడు. అప్పటికి మూడు దాటింది.

వ్యాన్ డ్రైవర్ నులకమంచం మీద కూర్చొని టీ తాగుతున్నాడు. వరండాలో అతని తల్లి. ఒళ్ళో బిస్కెట్ డబ్బా. డబ్బానిండా దారపు ఉండలు. కొడుకు చొక్కాకు గుండీ కుడుతోంది.

"కోర్టు నోటీసు ఈ ఇంటికే వచ్చింది," అన్నాడు ఇన్‌స్పెక్టర్.

"వస్తే? నాకు తెలిసిన అడ్రస్ ఇదే. ఇదే రాశా."

"నీ భార్య ఇల్లు మారిందని తెలుసుగా?"

"ఎక్కడికి మారిందో నాతో చెప్పిందా? పోస్టాఫీసుకు చెప్పిందట. శాశ్వతం అని టిక్కు కూడా పెట్టిందట. మొగుడికి చెప్పదు, పోస్టాఫీసుకు చెబుతుంది. చూశారా సంసారం?"

"టిక్కు సంగతి నీకెవరు చెప్పారు?"

"మీ కంప్యూటరే. టీ కొట్టు దగ్గర."

ఇన్‌స్పెక్టర్ పళ్ళు కొరికాడు. "నోటీసు వచ్చిన రోజు నువ్వెక్కడున్నావు?"

"పక్క ఊళ్ళో. లోడు దించుతున్నా. కంపెనీలో అడుక్కోండి."

అక్కడి నుంచే కంపెనీకి ఫోన్ చేశాడు. నిజమే. ఆ రోజు వ్యాన్ సాయంత్రం దాకా తిరిగి రాలేదు.

ముసలామె వైపు తిరిగాడు. "అమ్మా, ఆ రోజు ఇంట్లో ఎవరున్నారు?"

"నేనే ఉంటా బాబూ. ఎక్కడికి పోతాను?"

"పోస్ట్‌మన్ వచ్చాడా?"

"వస్తుంటారు, పోతుంటారు. గోడ అవతల ఎవరు పోతే నాకేం తెలుసు?"

"సంతకం పెట్టావా?"

"అక్షరమ్ముక్క రాదు నాకు. పింఛనుకు కూడా వేలిముద్రే." బొటనవేలు చూపించింది. గోరుపక్కన సిరా మరక ఇంకా పోలేదు.

వ్యాన్ డ్రైవర్ గ్లాసు కిందపెట్టాడు. "అంత బుర్ర బద్దలు కొట్టుకోవడమెందుకు సార్? దాని కుట్టుమిషను ఇంకా ఇక్కడే ఉంది. బట్టలున్నాయి. ఏదో పట్టుకుపోదామని వచ్చి ఉంటుంది. అప్పుడే ఉత్తరం వచ్చి ఉంటుంది. సంతకం పెట్టి తీసుకుపోయింది. ఇప్పుడు బుకాయిస్తోంది. దాని సంగతి నాకు తెలీదూ?"

మాట అతికినట్టు సరిపోయింది. గోడ, గేటు, ఆడమనిషి, సంతకం. అన్నీ సరిపోయాయి.

"ఏమ్మా, ఆ రోజు కోడలు వచ్చిందా?"

ముసలామె గుండీకి దారం చుడుతూ ఆగింది. "ఏమో బాబూ. నేను నిద్రపోయానేమో."

* * *

ఈసారి ఇన్‌స్పెక్టర్ మెట్లన్నీ ఎక్కాడు. ఎక్కుతున్నకొద్దీ కోపం పెరిగింది. పొద్దున్నుంచి ఎండలో ఒక అబద్ధం వెనక తిరిగానని కోపం.

గది చిన్నది. అద్దె మిషను, ఒక మంచం, గోడకు కత్తెర. మంచం మీద చిన్న సంచి. టైలరమ్మ పాప బట్టలు సర్దుతోంది. ఒక్కో గౌను మడతపెట్టి, మళ్ళీ విప్పి, మళ్ళీ మడతపెడుతోంది.

"అమ్మా, నీలం గౌను పెట్టొద్దు," అంది పాప.

"ఎందుకే?"

"అది ఇక్కడుంటే నేను దానికోసం రావచ్చు."

టైలరమ్మ నీలం గౌను పక్కన పెట్టింది. గోడవైపు తిరిగి నిలబడింది. భుజాలు కదిలాయి. శబ్దం రాలేదు.

పాప ఇన్‌స్పెక్టర్‌ని చూసింది. "తాతా, ఉత్తరం దొరికిందా?"

"లేదు."

"మంచం కింద చూశారా? మా వస్తువులన్నీ అక్కడే దొరుకుతాయి."

ఇన్‌స్పెక్టర్ అడగాల్సింది అడిగాడు. "చూడమ్మా. నోటీసు పాత ఇంటికి వెళ్ళింది. ఆ రోజు నువ్వక్కడికి వెళ్ళావా?"

"ఆ వీధి మొహమే చూళ్ళేదు సార్."

"మిషను కోసం?"

"మిషను వదిలేసుకున్నా. బిడ్డను వదిలేసుకోమంటున్నారు. రేపు ఇంకేం వదులుకోవాలో చెప్పండి, అదీ చేస్తా." మడతపెడుతున్న గౌను ఆమె చేతిలోంచి జారింది. "నేను పెట్టిన సంతకమైతే పెట్టానని ఒప్పుకొని కాళ్ళు పట్టుకునేదాన్ని. పెట్టలేదు సార్. ఇంకెలా చెప్పను?"

గౌను ఇన్‌స్పెక్టర్ కాళ్ళదగ్గర పడింది. వంగి తీశాడు. మెడపట్టీ తిరగబడి ఉంది. లోపలివైపు ఎర్రదారంతో రెండక్షరాలు. చివర పొడుగాటి తోక.

ఆ సంతకమే. అక్కడక్కడ తెగి.

ఇన్‌స్పెక్టర్ కళ్ళజోడు సరిచేసుకున్నాడు.

"ఇదేమిటి?"

"నా గుర్తు సార్. గిరాకీల బట్టలు చాకలికి వేస్తే వేరేవాళ్ళవాటిలో కలిసిపోతాయి. కలవకుండా మెడలోపల నా సంతకం కుడతాం. అలవాటుకొద్దీ పాప బట్టలకూ కుట్టాం."

"కుడతాం అంటే? నువ్వు కుట్టావా?"

"మా అత్తయ్య. ఊరికే కూర్చోలేను, ఏదో ఒక పని చెప్పవే అనేది. ఆమెకు అక్షరాలు రావు. మొదట్లో నేను సుద్దతో గీసిచ్చేదాన్ని. దాని మీదే కుట్టేది. తర్వాత సుద్ద కూడా అక్కర్లేకపోయింది. ఎన్ని వందల బట్టలకు కుట్టిందో."

"ఎటునుంచి మొదలుపెడుతుంది?"

"తోక దగ్గర్నుంచి. ముడి అక్కడ వేస్తే పట్టీ మడతలో దాక్కుంటుంది."

ఇన్‌స్పెక్టర్ మంచం చివర కూర్చున్నాడు. జేబులోంచి బట్వాడా షీట్ తీశాడు. చాలాసేపు చూశాడు.

పొద్దున్న "పెన్ను సరిగా రాసి ఉండదు" అన్న మాట గుర్తొచ్చింది. తిట్టుకున్నాడు. పోస్ట్‌మాస్టర్‌ని కాదు.

"గుర్తు కుట్టని గౌను ఏదైనా ఉందా?"

"ఇదుంది సార్. నిన్న కుట్టాను. అక్కడ కొత్త బడిలో వేస్తారేమోనని..."

"ఇవ్వు. అయిదింటికి పోస్టాఫీసుకు రా. నన్నేమీ అడగొద్దు."

* * *

అయిదింటికి పోస్ట్‌మాస్టర్ గదిలో అందరూ ఉన్నారు. వ్యాన్ డ్రైవర్ గోడకు ఆనుకొని నిలబడ్డాడు. అతని తల్లి కుర్చీలో కూర్చుంది, బిస్కెట్ డబ్బా ఒళ్ళో. డబ్బా లేకుండా ఆమె గడప దాటదు. కంప్యూటర్, బదులు మనిషి తలుపు దగ్గర. టైలరమ్మ పాప చెయ్యి పట్టుకొని మూలన.

"వాంగ్మూలం మీద వేలిముద్ర వేస్తే పనైపోతుందన్నారు," అన్నాడు వ్యాన్ డ్రైవర్. "తొందరగా కానివ్వండి. రేపు పొద్దున్నే కోర్టుంది."

"అవుతుంది. దానికి ముందు చిన్న పని." ఇన్‌స్పెక్టర్ కొత్త గౌను ముసలామె ఒళ్ళో పెట్టాడు. "అమ్మా, రేపట్నుంచి పాప మీ ఇంట్లోనేగా. బడిలో బట్టలు కలిసిపోతాయి. గుర్తు కుట్టి పెట్టు."

ముసలామె మొహం విచ్చుకుంది. గౌను అటూ ఇటూ తిప్పి చూసింది. "నా తల్లికి ఈ రంగు బాగుంటుంది," అంది. డబ్బా మూత తీసి, ఎర్రదారం సూదికెక్కించింది. ముడి వేసింది. మెడపట్టీ తిప్పి పట్టుకుంది.

సూది దిగింది. తోక దగ్గర దిగింది.

ఒక కుట్టు, చిన్న ఎడం, ఇంకో కుట్టు. తోక పైకి పాకింది. చివరి అక్షరం వచ్చింది. మొదటి అక్షరం సగం అయింది.

"చాలమ్మా," అన్నాడు ఇన్‌స్పెక్టర్. బట్వాడా షీట్ గౌను పక్కన పరిచాడు.

"చూడండి. కలంతో రాసేవాళ్ళు పేరు మొదటి అక్షరం నుంచి మొదలుపెట్టి తోకతో ముగిస్తారు. లాగి వదిలేస్తారు. తోక చివర సన్నగా పోతుంది. దరఖాస్తులో టైలరమ్మ సంతకం అలాగే ఉంది. ఈ షీట్‌మీద తోక చివర లావుపాటి సిరా చుక్క. కలం అక్కడ పెట్టి, నొక్కి, మొదలుపెట్టారు. ముడి వేసినట్టు. అక్కడి నుంచి ముక్క ముక్కగా వెనక్కి వచ్చారు. కుట్టు కుట్టుకూ ఎత్తినట్టు."

"పెన్ను బాగాలేక..." అన్నాడు పోస్ట్‌మాస్టర్.

"నేనూ అలాగే అనుకొని రోజంతా పాడుచేశాను. దీనికి పైన ఒక సంతకం ఉంది, కింద ఒకటుంది. అదే రోజు, అదే పెన్ను. ఎక్కడా తెగలేదు. తెగింది పెన్ను కాదు." ముసలామె వైపు చూశాడు. "ఈమెకు అక్షరాలు రావు. ఆ మాట అబద్ధం కాదు. లోకంలో ఈ చేతికి తెలిసింది ఒక్కటే పేరు. అది కోడలిది."

ముసలామె చేతిలో సూది ఆగిపోయింది. దారం వేలాడుతోంది.

"అమ్మా," అన్నాడు వ్యాన్ డ్రైవర్. "నువ్వా?"

ఆమె కొడుకు వైపు చూడలేదు. దారపు ఉండలన్నీ ఒక్కొక్కటే తీసి బల్లమీద పెట్టింది. డబ్బా అడుగున నాలుగు మడతల కవరు. కోర్టు ముద్ర. ఇంకా చింపలేదు.

"గోడ అవతల్నుంచి పేరు పిలిచాడు," అంది. "ఈమె ఇక్కడేనా అన్నాడు. ఈ ఇంటి కోడలు ఇక్కడ కాకపోతే ఎక్కడుంటుంది? ఇక్కడే అన్నాను. సంతకం అన్నాడు. నాకొచ్చింది పెట్టాను."

"పెట్టి?"

"దాచాను. ఉత్తరం కోసమైనా వస్తుంది కదా అనుకున్నా. పాపను తీసుకొని వస్తుంది. ఒక పూట కూర్చుంటుంది. వీధిలో చప్పుడైతే చాలు, గేటు వైపు చూసేదాన్ని."

"ఏ ఉత్తరమో తెలియలేదా?"

"నాకేం తెలుసు బాబూ?"

"తర్వాత తెలిసింది," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "కోర్టుకు రాలేదు, బిడ్డ మనదే అని నీ కొడుకు ఇంటికొచ్చి చెప్పిన రోజు తెలిసింది. దాచడం తెలియక చేశావు. నోరు మూసుకోవడం తెలిసి చేశావు. ఇవాళ మధ్యాహ్నం నిద్రపోయానేమో అన్నావే, అదీ తెలిసే అన్నావు."

ముసలామె మూలకు చూసింది. పాప అక్కడుంది.

"మనవరాలు ఇంటికొస్తుందంటే ఏ నోరు తెరుచుకుంటుంది బాబూ?"

"అత్తయ్యా," అంది టైలరమ్మ. "ఆ గుర్తు నేర్పింది నేనే. దాంతోనే నా గొంతు కోశారు."

వ్యాన్ డ్రైవర్ ఊగిపోయాడు. "రేపు కోర్టులో నోరు విప్పావో, మళ్ళీ నా ఇంటి గడప తొక్కొద్దు. ఇప్పుడే చెబుతున్నా."

ఇన్‌స్పెక్టర్ కలం తీశాడు. రిపోర్టులో 'తప్పు బట్వాడా' అని రాశాడు. కారణం దగ్గర, మళ్ళింపు కార్డు అరలో లేదని రాశాడు. ఎవరు పెట్టలేదో కూడా రాశాడు.

* * *

మర్నాడు ముసలామె కోర్టుకు వచ్చింది. ఒక్కతే వచ్చింది. బోనులో గౌను పట్టుకొని నిలబడింది. అడిగినదానికి అడిగినంత చెప్పింది. జడ్జి రిపోర్టు చదివాడు. రెండు సంతకాలూ చూశాడు. ఉత్తర్వు కొట్టేశాడు. కేసు మొదటినుంచి వింటానన్నాడు. అంతవరకు బిడ్డ తల్లి దగ్గరే.

వ్యాన్ డ్రైవర్ వ్యాన్ తీసుకొని వెళ్ళిపోయాడు. పక్క సీటు ఖాళీగా పోయింది.

కోర్టు వరండాలో బెంచీమీద ముసలామె కూర్చుంది. పక్కన బిస్కెట్ డబ్బా, బట్టల మూట. ఇన్‌స్పెక్టర్ వచ్చి ఆమె పక్కన కూర్చున్నాడు. జేబులోంచి ఒక ఫారం తీశాడు.

"నీ పింఛను ఇకనుంచి ఎక్కడికి రావాలమ్మా?"

ఆమె మూటను దగ్గరికి లాక్కుంది. పాత అడ్రస్ అతనే రాశాడు. కొత్త అడ్రస్ దగ్గర కలం ఆగింది.

టైలరమ్మ పాప చెయ్యి పట్టుకొని మెట్లు దిగుతోంది. చెయ్యి గట్టిగా పట్టుకుంది, ఇంకా ఎవరో లాక్కుంటారన్నట్టు.

"నానమ్మ రాదా?" పాప గొంతు వినిపించింది.

"పద."

మెట్లమీద చప్పుడు దూరమైంది. ఆగింది. మళ్ళీ పైకి వచ్చింది.

టైలరమ్మ వచ్చి ముసలామె ఒళ్ళోంచి గౌను తీసుకుంది. మెడపట్టీ తిప్పింది. మొదటి అక్షరం సగంలో ఆగి ఉంది. సూది ఇంకా వేలాడుతోంది.

"ఏ పనీ సగంలో వదిలే అలవాటు లేదుగా మీకు," అంది. గౌను మళ్ళీ ఒళ్ళో పడేసింది. "పూర్తి చెయ్యండి."

ముసలామె కుట్టింది. రెండుసార్లు వేలు పొడుచుకుంది. టైలరమ్మ నిలబడే ఉంది. సాయం చెయ్యలేదు. కుట్టు అయ్యాక మాత్రం దారం తనే వంగి కొరికింది.

"సార్, ఆ ఫారంలో రెండు గళ్ళుంటాయి కదా."

"ఉంటాయి."

"తాత్కాలికం దగ్గర టిక్కు పెట్టండి. టైర్ల షాపు పైన, మూడో అంతస్తు."

ఇన్‌స్పెక్టర్ టిక్కు పెట్టాడు. ఎంతకాలం అని రాయడానికి దాని పక్కన ఇంకో గడి ఉంది. ఆమె చెప్పలేదు. అతను అడగలేదు.

టైలరమ్మ అప్పటికే మెట్లు దిగుతోంది. బట్టల మూట ఆమె ముట్టుకోలేదు. ముసలామె తన మూట తనే ఎత్తుకొని, వాళ్ళకు నాలుగు మెట్లు వెనకగా దిగింది.